బెలూను నుంచి కూల్‌డ్రింకు సీసా దాకా: పిల్లలతో ఇంట్లో రాకెట్లు చేయడం ఎలా

ముందే ఒక మాట తేల్చుకుందాం. ఈ రాకెట్లలో దేనికీ నిప్పు తగలదు. అగ్గిపుల్లల మందు గీరడం, మిగిలిపోయిన తారాజువ్వలు విప్పడం, వీడియోల్లో పొయ్యి మీద వండి చూపించే ఇంధనాలు, ఇవేవీ ఇక్కడ లేవు. అవి వేళ్లు, కళ్లు పోగొట్టే పనులు. పైగా లైసెన్సు లేకుండా పేలుడు మందు తయారు చేయడం నేరం. మనకి కావలసినవి గాలి, నీళ్లు, వంటింట్లో ఉండే ఈనో ప్యాకెట్. సైన్సు నేర్పడానికి ఇవే మేలు కూడా. నీళ్ల రాకెట్‌ని పొద్దుట పది సార్లు ఎగరేసి, పది సార్లూ ఏదో ఒకటి మార్చి చూడొచ్చు. తారాజువ్వ ఒక్కసారి పోయిందంటే పోయినట్టే, దాన్ని మళ్లీ ఏమీ అడగలేం.

నేనివన్నీ మా అక్క పిల్లలతో రెండు ఎండాకాలం సెలవుల్లో చేశాను. మొదటి ఏడాది మేనకోడలికి పదకొండేళ్లు, మేనల్లుడికి ఏడు. కింద చెప్పే తప్పుల్లో సగం వాళ్లవి, సగం నావి.

సామాన్లు కొనే ముందు ఒక నోట్‌బుక్కు తెచ్చి పిల్లల చేతిలో పెట్టండి. ప్రతిసారీ రాకెట్ వదిలే ముందు "ఏమవుతుందనుకుంటున్నావు?" అని అడిగి, ఆ జవాబు రాయించండి. వదిలాక ఏమయిందో రాయించండి. రెండింటికీ పొత్తు కుదరని చోటే అసలు మాటలు మొదలవుతాయి. ఇంకో నియమం: ఒకసారికి ఒక్కటే మార్చాలి. నీళ్లు పెంచి, రెక్కలు కూడా మార్చి వదిలితే, తేడా దేనివల్ల వచ్చిందో ఎవరూ చెప్పలేరు. పిల్లలకి ఇది అన్నిటికన్నా కష్టమైన పని. చేతికి దొరికినవన్నీ ఒకేసారి మార్చేయాలని ఉంటుంది వాళ్లకి.

బెలూను రాకెట్

అయిదారేళ్ల పిల్లలుంటే ఇక్కడ మొదలుపెట్టండి. పొడవాటి బెలూన్లు, ఎనిమిది పది మీటర్ల నున్నటి నైలాన్ దారం, ఒక స్ట్రా, టేపు, బట్టలకి పెట్టే క్లిప్పు చాలు. పురికొస వద్దు, దాని పీచు స్ట్రాని పట్టేస్తుంది. గాలిపటాల మాంజా అసలే వద్దు. ప్లాస్టిక్ స్ట్రాలు 2022 జులై 1 నుంచి నిషేధంలో ఉన్నాయి కాబట్టి కాగితం స్ట్రా తీసుకోండి. అదీ లేకపోతే అయిపోయిన బాల్‌పెన్ను గొట్టాన్ని రెండు వైపులా తెరిచి వాడండి. పెరట్లో బొప్పాయి చెట్టుంటే ఆకు కాడ ముక్క ఒకటి కోసి, పాలు కారకుండా కడిగి ఆరబెట్టినా సరిపోతుంది.

దారం ఒక కొస కిటికీ ఊచకి కట్టండి. రెండో కొస స్ట్రాలోంచి దూర్చి, దారం బిగుతుగా ఉండేలా ఎదురుగోడ వైపు కట్టండి. బెలూను ఊది, ముడి వేయకుండా మూతికి క్లిప్పు పెట్టండి. దాన్ని స్ట్రా కింద రెండు చోట్ల టేపుతో అంటించండి. బెలూను మూతి దారం వెంబడి వెనక్కి చూస్తూ ఉండాలి. క్లిప్పు తీస్తే సర్రున పోతుంది.

ఎందుకు పోయిందో మీరు చెప్పకండి. పిల్లల్ని అడగండి. మా వాడు వెంటనే చెప్పాడు: "గాలి వెనక గోడని తన్నింది మావయ్యా, అందుకే ముందుకెళ్లింది." తప్పే, కానీ చిన్నాచితకా తప్పు కాదు. 1920 జనవరిలో న్యూయార్క్ టైమ్స్ సంపాదకీయం ఇదే పొరపాటు చేసింది. నెట్టడానికి ఏమీ లేని శూన్యంలో రాకెట్ ఎలా పనిచేస్తుందంటూ, అమెరికా రాకెట్ శాస్త్రవేత్త రాబర్ట్ గొడ్డార్డ్‌కి హైస్కూలు పాఠం కూడా తెలియదని వెక్కిరించింది. అపోలో 11 చంద్రుడి దారిలో ఉండగా, 1969 జులై 17న, పొరబడ్డామని సవరణ వేసుకుంది.

మీ పిల్లలకి నలభై తొమ్మిదేళ్లు అక్కర్లేదు, పది నిమిషాలు చాలు. ఒకసారి బెలూను వెనక గోడ జానెడు దూరంలో ఉండేలా వదలండి. మరోసారి గది మధ్యలోంచి, వెనక ఏమీ లేకుండా వదలండి. గోడని తన్నడమే కారణమైతే రెండోసారి నెమ్మదించాలి కదా? నెమ్మదించదు. అప్పుడు చెప్పండి: బెలూను తన లోపలి గాలిని వెనక్కి నెడుతోంది, ఆ గాలి బెలూన్ని ముందుకి నెడుతోంది, మధ్యలో గోడతో పని లేదు. గోదారి ఒడ్డు పిల్లలకైతే ఇంకా తేలిక. పడవలోంచి రేవులోకి దూకితే పడవ వెనక్కి జరగడం వాళ్లు చూసే ఉంటారు. న్యూటన్ మూడో సూత్రం అనే పేరు ఆ తర్వాత చెప్పినా ఆలస్యమేమీ కాదు.

కాగితం రాకెట్

ఇది అయిదు నిమిషాల్లో అవుతుంది, ఖర్చు లేదు, వానాకాలంలో ఇంట్లోనే ఆడుకోవచ్చు. రాకెట్ నిటారుగా ఎందుకు పోతుందో దీనంత బాగా చెప్పేది ఇంకోటి లేదు. నాకు అన్నిట్లోకీ ఇదే ఇష్టం.

అరచేతి వెడల్పు, జానెడు పొడవున్న కాగితం ముక్కని స్ట్రా చుట్టూ వదులుగా చుట్టి టేపు వేయండి. స్ట్రా మీద సులువుగా జారాలి, కానీ గాలి మరీ పక్కలనుంచి పోకూడదు. ఒక కొస మడిచి టేపుతో పూర్తిగా మూసేయండి. అంతే, రాకెట్. స్ట్రాకి తొడిగి గట్టిగా ఊదండి. ఎవరి మొహం వైపూ గురిపెట్టకూడదు, ఇది ముందే చెప్పండి.

మొదటిది పల్టీలు కొడుతూ మూడు నాలుగు మీటర్లలో పడిపోతుంది. పడనివ్వండి, దూరం కొలిచి రాయించండి. రెండోదానికి పాత శుభలేఖ అట్టతో మూడు చిన్న త్రికోణాలు కోసి, తెరిచి ఉన్న కొస దగ్గర రెక్కల్లా అంటించండి. మూడోదానికి రెక్కలతో పాటు మూసిన కొసలో శనగగింజంత చపాతీ పిండి ముద్ద పెట్టండి. మూడూ వరసగా ఊదితే తేడా పిల్లలే అరిచి చెప్తారు.

కారణం ఇది. గాల్లో ఉన్న వస్తువు తన బరువు కేంద్రం చుట్టూ తిరుగుతుంది. గాలి తోపు ఆ కేంద్రానికి వెనకవైపు ఎక్కువగా పడితే, తోక పక్కకి పోయినప్పుడల్లా గాలి దాన్ని మళ్లీ వెనక్కి సర్దుతుంది. ముందువైపు ఎక్కువ పడితే బోర్లా తిప్పేస్తుంది. రెక్కలు గాలి తోపుని తోకకి లాగుతాయి, పిండి ముద్ద బరువుని ముక్కుకి లాగుతుంది. బాణానికి వెనక ఈకలు, ముందు ఇనప ములికి ఉండేది ఇందుకే. తారాజువ్వకి అంత పొడుగు పుల్ల ఎందుకో కూడా ఇప్పుడు అడగండి. పుల్ల విరిగిన జువ్వ పక్కింటి మేడ మీదకి ఎందుకు పోతుందో మా మేనకోడలు తానే చెప్పింది.

పెద్ద పిల్లలకి ఒక పరీక్ష నేర్పండి. రాకెట్‌ని వేలి మీద నిలిపి, సమంగా ఆగే చోట దారం కట్టండి. దారం పట్టుకుని తల మీదుగా గుండ్రంగా తిప్పండి. ముక్కు ముందుకి పెట్టుకుని తిరిగితే బాగా ఎగురుతుంది. తోక ముందో, అడ్డదిడ్డమో తిరిగితే ముక్కుకి బరువు పెంచాలి, లేదా రెక్కలు పెద్దవి చేయాలి. ఈ పరీక్ష నీళ్ల రాకెట్‌కి మళ్లీ కావాలి, గుర్తుంచుకోండి.

ఈనో రాకెట్

నీళ్లలో వేస్తే బుసబుసమని కరిగే విటమిన్ మాత్రలు ఒక పొడుగాటి గొట్టంలో వస్తాయి. దాని మూత తిప్పేది కాదు, నొక్కి మూసేది. అలాంటిదే కావాలి. మరమూత డబ్బా, గాజు సీసా ఎట్టి పరిస్థితుల్లో వాడకూడదు. మూత ఊడాల్సిన చోట డబ్బాయే పగులుతుంది.

గొట్టంలో రెండు చెంచాల నీళ్లు పోయండి. అర చెంచా ఈనో పొడిని ఒక పొర టిష్యూ కాగితంలో చుట్టి, మూత లోపలివైపు టేపుతో అంటించండి. మూత గట్టిగా నొక్కి, గొట్టాన్ని తలకిందులుగా, అంటే మూత కిందికి ఉండేలా, గచ్చు మీద నిలబెట్టి నాలుగైదు అడుగులు వెనక్కి వచ్చేయండి. ఇది ఆరుబయట చేయాల్సిన పని, పెద్దవాళ్లు చేయాల్సిన పని. కాగితం తడిసి, పొడి నీళ్లలో పడి, కాసేపట్లో టప్‌మని మూత ఊడుతుంది. మూత నేల మీదే ఉంటుంది, గొట్టం పైకి పోతుంది. రెండు నిమిషాలైనా కదలకపోతే పెద్దవాళ్లు దూరంనుంచి కర్రతో పడదోయాలి. వంగి చూడకూడదు.

ఈనోలో వంటసోడా, నిమ్మ ఉప్పు రెండూ పొడిగా పక్కపక్కనే ఉంటాయి, ఏమీ కాదు. నీళ్లు తగిలితేనే కలహం. అప్పుడు పుట్టే కార్బన్ డయాక్సైడ్ చోటు చాలక మూతని తోస్తుంది. మార్చి చూడాల్సింది నీళ్ల వేడి. చల్లటి నీళ్లతో ఎన్ని సెకన్లు, గోరువెచ్చటి నీళ్లతో ఎన్ని సెకన్లు? ఒకరు లెక్కపెడుతూ ఉంటే ఇంకొకరు రాసుకుంటారు. దీని గురించి ఇంతకన్నా చెప్పడానికేమీ లేదు. పిల్లలకి మాత్రం ప్యాకెట్లు అయిపోయేదాకా తనివి తీరదు.

నీళ్ల రాకెట్

ఇదే పెద్ద పండగ. పదేళ్లు దాటిన పిల్లలతో, పెద్దవాళ్లు పక్కనుండి చేయాలి. సగం రోజు తయారీకి పోతుంది, ఓపిక తెచ్చుకోండి.

సీసా రెండు లీటర్ల కూల్‌డ్రింకుదే కావాలి. గ్యాసు ఒత్తిడిని తట్టుకునేలా చేసింది అదే. అడుగున పువ్వు రేకుల్లా అయిదు పాదాలుంటాయి చూడండి. మంచినీళ్ల సీసా పలచన, దానికి గాలి కొడితే ఉబ్బి పగులుతుంది. నొక్కులు పడినది, గీతలు పడినది, నెలల తరబడి ఎండలో ఉన్నది వద్దు.

స్కూలు ల్యాబు సామాన్లు అమ్మే చోట నడిమికి కన్నం ఉన్న రబ్బరు బిరడా దొరుకుతుంది. సీసా తీసుకెళ్లి మూతికి పెట్టి చూసి కొనండి, సగం లోపలికి దిగి బిగుసుకోవాలి. పంక్చర్ షాపులో పాత బైకు ట్యూబుల వాల్వులు రెండు అడగండి, పిల్లల రాకెట్‌కి అంటే డబ్బులు కూడా తీసుకోరు. నాలుగు మీటర్ల మందపాటి గాలి గొట్టం, దానికి బిగించే క్లిప్పులు, గాలి ఎంతుందో చూపించే మీటరున్న ఫుట్ పంపు కూడా కావాలి. పంక్చర్ షాపు అతనికి చెప్తే గొట్టం అమర్చడం అతనే చేసిపెడతాడు, మనకంటే బాగా చేస్తాడు.

1. రెండు వాల్వుల లోపలి సన్న పిన్నుల్ని తిప్పి తీసేయండి. ఎందుకో కింద చెప్తాను.

2. ఒక వాల్వు చుట్టూ ట్యూబు రబ్బరుని సీసా మూతికంటే చిన్నగా గుండ్రంగా కోయండి. దాన్ని బిరడా సన్నటి వైపునుంచి దూర్చి, లావు వైపు బయటికి లాగండి. రబ్బరు అంచు సీసా లోపలివైపు ఉండాలి. బిరడా మరీ పొడుగైతే కొంచెం కోయండి.

3. బయటికి వచ్చిన కాడకి గొట్టం తొడిగి క్లిప్పు బిగించండి. గొట్టం రెండో కొసకి రెండో వాల్వు ఇలాగే బిగించండి. పంపు తల దీనికి పడుతుంది.

4. పాత ప్లాస్టిక్ ఫైలు అట్టతో మూడు రెక్కలు కోసి, సీసాకి మూతి వైపు టేపుతో అంటించండి. అట్టముక్కలైతే తడిసి వాలిపోతాయి. గ్లూ గన్ వద్దు, ఆ వేడికి సీసా మెత్తబడి అక్కడే పగులుతుంది.

5. సీసా అడుగు భాగం, అంటే ఇప్పుడు రాకెట్ ముక్కు, అక్కడ చిన్న కవరులో గుప్పెడు ఇసుక కట్టి, దానిమీద స్పాంజి ముక్క పెట్టి టేపు చుట్టండి. మొనదేలినది, గట్టిది, లోహంది ఏదీ ముక్కుకి పెట్టకూడదు. అది ఎవరి నెత్తిన పడుతుందో మనకి తెలీదు.

6. ఖాళీ సీసాకి దారం కట్టి తిప్పే పరీక్ష చేయండి.

నాలుగో మెట్టు దగ్గర మా మేనకోడలు రెక్కల్ని సీసా అడుగు వైపు చక్కగా అంటించింది. మామూలుగా సీసా నిలబడే తీరు చూస్తే కింద ఉండేది అడుగే కదా. నేనేమీ అనలేదు. తిప్పే పరీక్షలో రాకెట్ మూతి ముందుకి పెట్టుకుని తిరిగింది. కాసేపు చూసి, మూతి విరుచుకుని, రెక్కలు ఊడదీసుకుంది.

ఇక చోటు. స్కూలు గ్రౌండు, కోతలైపోయిన చేను, ఏదైనా సరే చుట్టూ యాభై అడుగుల్లో కరెంటు తీగలు, కార్లు, పశువులు ఉండకూడదు. ఇంకా దూరం దొరికితే ఇంకా మంచిది. మేడ మీద వద్దు. శ్రీహరికోటని ఎంచుకున్న కారణాల్లో ఒకటి పిల్లలకి ఇక్కడే చెప్పొచ్చు: రాకెట్ తూర్పుకి పోతుంటే కింద బంగాళాఖాతం ఉంటుంది, ఊడిపోయిన భాగాలు నీళ్లలో పడతాయి. తూర్పుకి తిరిగే భూమి వేగం కూడా కలిసొస్తుంది. మన సీసాకి భూమి తిరగడంతో పని లేదు గానీ, పడే చోటు మాత్రం ముందే చూసుకోవాలి. పొద్దున ఆరు ఆరున్నరకి వెళ్తే గాలి తక్కువ, ఎండ తక్కువ, క్రికెట్ ఆడేవాళ్లూ ఉండరు.

మూడు చోట్ల ఇటుకలు ఒకదానిమీద ఒకటి పేర్చి, తలకిందులు చేసిన సీసా భుజాలు వాటి మీద ఆనేలా చూడండి. రెక్కలు ఇటుకల మధ్య ఖాళీల్లోకి రావాలి. మూతి కింద గొట్టం మడత పడకుండా చోటుండాలి. సీసాలో అర లీటరు నీళ్లు పోసి, బిరడా తడిపి, కొంచెం తిప్పుతూ గట్టిగా నొక్కి, తిరగేసి నిలబెట్టండి. కొన్ని నీళ్లు గొట్టంలోకి దిగుతాయి, కంగారు లేదు, పంపు కొట్టగానే వెనక్కి పోతాయి.

పిల్లలు పది మీటర్ల వెనక. పంపు కొట్టేది పెద్దవాళ్లు, కళ్లకి అద్దాలు పెట్టుకుని, గొట్టం మొత్తం చాచినంత దూరంలో. గాలి కొట్టడం మొదలయ్యాక సీసా దగ్గరికి ఎవరూ వెళ్లకూడదు. వంగి చూడటం, చేత్తో సర్దడం, ఏదీ లేదు. మీటరు 20, 25, 30 పీఎస్‌ఐ (గాలి ఒత్తిడి కొలత) దగ్గరికి వస్తుండగా బిరడా పట్టు వదిలి సీసా లేచిపోతుంది. 40 దాటనివ్వకండి. 40కి వచ్చినా కదలకపోతే పంపు తల లివరు ఎత్తేయండి. పిన్నులు తీసేశాం కాబట్టి ముందు నీళ్లు, వాటి వెనకే గాలి గొట్టంలోంచి బుస్సుమని వెనక్కి వచ్చేస్తాయి. అప్పుడు వెళ్లి బిరడా కాస్త వదులు చేసుకోండి.

ఈ పిన్ను సంగతి నాకు తెలిసింది తెలివితో కాదు. మొదటి రోజు పిన్ను అలాగే ఉంచాను. 40 దాటింది, సీసా కదల్లేదు, గాలి వెనక్కి రాదు. దగ్గరికి పోవడానికి భయం. చివరికి మా బావగారు ఇంట్లోంచి బూజుకర్ర తెచ్చి, చెట్టు చాటునుంచి దాన్ని పడదోశారు. అది నేల మీద పాములా దూసుకెళ్లి పిచ్చిమొక్కల్లో ఆగింది. నవ్వుకున్నాం గానీ, అది నవ్వే విషయం కాదు. లెక్క చూడండి: 30 పీఎస్‌ఐ దగ్గర ఆ మూతిలోంచి నీళ్లు దూకేటప్పుడు మొదటి క్షణంలో సీసా మీద పడే తోపు సుమారు పదిహేను కిలోల బరువంత. సీసా, నీళ్లు, ఇసుక కలిపి కిలో కూడా లేవు.

ఇంకో ముచ్చట. పిల్లలు చంద్రయాన్ ప్రయోగం టీవీలో చూసి ఉంటారు, అయిదు, నాలుగు, మూడు అని లెక్కపెట్టాలని సరదా. ఈ బిరడా రాకెట్‌కి అది కుదరదు. సున్నాకి వస్తే కదలదు, మనం మాట్లాడుకుంటుంటే పోతుంది. మా వాళ్లు చివరికి మీటరు అంకెలు అరవడం మొదలుపెట్టారు, "ఇరవై... ఇరవై రెండు..." అని. దానివల్ల ఒక లాభం జరిగింది. ఎంత గాలి దగ్గర వదిలిందో నోట్‌బుక్కులోకి తానంతట అదే ఎక్కేసింది.

గాలి ఎంత కొట్టినా మీటరు పెరగడం లేదంటే ఎక్కడో లీకు. సబ్బు నురగ రాసి చూడండి, బుడగలు వచ్చిన చోటే దొంగ. మా రెండో రోజంతా దీనికే పోయింది, మేనల్లుడు ఏడుపు మొహం పెట్టాడు. వాడికి ఎస్‌ఎల్‌వీ-3 కథ చెప్పాను. 1979 ఆగస్టు 10న శ్రీహరికోట నుంచి లేచిన ఆ రాకెట్ సముద్రంలో పడిపోయింది. రెండో దశలో ఒక వాల్వు సరిగా పనిచేయక నియంత్రణ వ్యవస్థకి కావలసిన ద్రవం కారిపోయింది. లోపం పట్టుకుని 1980 జులై 18న మళ్లీ ఎగరేస్తే రోహిణి ఉపగ్రహం కక్ష్యలోకి చేరింది. "వాళ్లదీ వాల్వేనా?" అన్నాడు వాడు, కొంచెం తేరుకుని.

ఏం మార్చి చూడాలి

నీళ్లు. మిగతావన్నీ అలాగే ఉంచి, మొదట అసలు నీళ్లు లేకుండా, తర్వాత 250, 500, 750 మిల్లీలీటర్లు, ఒక లీటరు, లీటరున్నర పోసి ఎగరేయండి. బిరడా ప్రతిసారీ ఒకే గుర్తు దాకా నొక్కితే వదిలే ఒత్తిడి ఇంచుమించు ఒకేలా వస్తుంది. మరీ తేడా వచ్చిన ప్రయత్నాన్ని లెక్కలోంచి కొట్టేయండి. ముందు ఊహలు రాయించడం మరవకండి. దాదాపు ప్రతి పిల్లా "నీళ్లెక్కువైతే ఎత్తెక్కువ" అనే రాస్తుంది.

నీళ్లు లేని సీసా టప్‌మని కొద్దిగా ఎగిరి పడుతుంది. 30 పీఎస్‌ఐ దగ్గర రెండు లీటర్ల సీసాలో ఉండే గాలి మొత్తం బరువు ఏడు గ్రాములే, వెనక్కి విసరడానికి సరుకు లేదు. లీటరున్నర నీళ్లున్న సీసా బరువుగా లేచి, సగం నీళ్లు మోసుకుంటూనే కూలబడుతుంది. నీళ్లు ఎక్కువైతే గాలికి చోటు తక్కువ, తోసే శక్తి తక్కువ. సీసాలో నాలుగో వంతు నుంచి మూడో వంతు నీళ్లున్నప్పుడు బాగా ఎగురుతుంది. గ్రాఫు కాగితం మీద చుక్కలు పెట్టి కలిపితే మధ్యలో గుట్టలా వస్తుంది. ఎక్కువ అంటే ఎప్పుడూ మంచిది కాదని పిల్లలు ఆ గుట్ట చూసి నమ్మినట్టు మన మాటలకి నమ్మరు.

ఇక్కడ మన నీళ్లు రెండు పనులు చేస్తున్నాయని గమనించనివ్వండి: విసిరే సరుకూ అదే, మోయాల్సిన బరువూ అదే. పెద్ద రాకెట్లకీ ఇదే తలనొప్పి. చంద్రయాన్-3ని తీసుకెళ్లిన ఎల్‌వీఎం3 నేల మీద 640 టన్నులుంటుంది, అందులో చాలా భాగం దార్లో కాల్చి పారేసే ఇంధనమే.

ఎత్తు కొలవడం

జామెట్రీ బాక్సులో కోణమానిని, పిల్లలు "డి" అంటారు కదా, దాని నడిమి కన్నానికి దారం కట్టి చివర ఒక నట్టు వేలాడదీయండి. "డి"ని బోర్లించి పట్టుకుని, చదును అంచు వెంబడి రాకెట్ అందుకున్న చివరి ఎత్తుని చూస్తూ దారాన్ని వేలితో నొక్కేయాలి. దారం 90కి ఎంత దూరంలో ఆగిందో అదే కోణం. రాకెట్‌కి సరిగ్గా 30 మీటర్ల దూరంలో నిలబడితే లెక్క తేలిక: 15 డిగ్రీలైతే 8 మీటర్లు, 30 అయితే 17, 45 అయితే 30, 60 అయితే 52. చూసేవాళ్ల కంటి ఎత్తు దానికి కలపాలి. పదో తరగతి పిల్లలుంటే ఆ అంకెలు ఎక్కడివో వాళ్లనే చెప్పమనండి. త్రికోణమితి ఎందుకు నేర్చుకుంటున్నామని వాళ్లు అడిగే ప్రశ్నకి ఇదో జవాబు.

కోణం చూసేవాళ్లు లేకపోతే ఫోనులో స్టాప్‌వాచ్ పెట్టండి. లేచిన దగ్గర్నుంచి నేల తాకేదాకా ఎన్ని సెకన్లో ఆ అంకెని దానితోనే గుణించి, 1.2తో మళ్లీ గుణిస్తే మీటర్లలో ఎత్తు వస్తుంది. నాలుగు సెకన్లైతే 19 మీటర్లు. ఇది కాస్త ఎక్కువ చూపిస్తుంది, ఎందుకంటే ఖాళీ సీసా తేలికది, గాలి దాన్ని పట్టి నెమ్మదిగా దించుతుంది. రెండు పద్ధతుల్లో ఎంత తేడా వచ్చిందో పిల్లలు వాదించుకోనివ్వండి.

వాళ్ల సీసా 13 మీటర్లు దాటిన రోజు గొడ్డార్డ్ గురించి మళ్లీ చెప్పండి. ప్రపంచంలో ద్రవ ఇంధనంతో ఎగిరిన మొట్టమొదటి రాకెట్ ఆయనదే, 1926 మార్చి 16న, అమెరికాలో ఆబర్న్ అనే ఊళ్లో, చుట్టాల పొలంలోంచి. రెండున్నర సెకన్లు ఎగిరి, 12.5 మీటర్ల ఎత్తుకి పోయి, క్యాబేజీ మడిలో పడింది. 2022 నవంబరు 18న హైదరాబాదు కంపెనీ స్కైరూట్ చేసిన విక్రమ్-ఎస్ శ్రీహరికోట నుంచి 89.5 కిలోమీటర్లు పైకి పోయింది. మా మేనకోడలు నోట్‌బుక్కులో ఒక పేజీకి మూడు గీతలు గీసింది: గొడ్డార్డ్ 12.5, మనది 21, విక్రమ్ 89,500. మూడో గీతకి పేజీ చాలక బాణం గుర్తు వేసి "ఇంకా పైకి" అని రాసుకుంది.

వీలైతే ఒకసారి శ్రీహరికోట సందర్శకుల గ్యాలరీకి తీసుకెళ్లండి. ప్రయోగం ప్రకటించాక ఆన్‌లైన్‌లో ముందుగా పేర్లు నమోదు చేసుకోవాలి, దిగాల్సిన స్టేషన్ సూళ్లూరుపేట. అక్కడ మంట కనిపించిన క్షణం నుంచి శబ్దం వచ్చేదాకా పిల్లల్ని సెకన్లు లెక్కపెట్టమనండి. మూడు సెకన్లకి ఒక కిలోమీటరు చొప్పున లెక్కేస్తే ప్రయోగ వేదిక ఎంత దూరమో వాళ్లే చెప్తారు.

సీసాల విషయం ఒకటి మిగిలింది. ప్రతి ఎగరవేతకి ముందు సీసాని వెలుతురులో తిప్పి చూడండి. తెల్లటి చారలు, మడతలు కనిపిస్తే, లేదా పది పదిహేను సార్లు ఎగిరి ఉంటే, బాగానే ఉన్నట్టు అనిపించినా పక్కన పెట్టేయండి. పిల్లలు ఒప్పుకోరు, ఆ పాటికి దానికి పేరు కూడా పెట్టి ఉంటారు. మా ఇంట్లో అలా రిటైరైన నాలుగింటిని అక్క అడ్డంగా కోసి, రెక్కలతో సహా బాల్కనీలో వేలాడదీసి కొత్తిమీర వేసింది.